దరువెవడిది?

‘నాటు నాటు’ పాట కట్టిన కీరవాణిది గోదారి అవతలొడ్డు, కొవ్వూరు. మాది యివతల, రాజమండ్రిలో మాదిగపేట. 2023లో దానికి ఆస్కారొస్తే మనోడే అనుకున్నాం. నేనూ అనుకున్నాను. ఆరు మాత్రల ఆ నడక చెవినబడితే నా చేతులు వూరుకోలేదు, మా జాతర్ల నడకే అది. మరి తెరమీద రామరాజు వాయించేదేంటి? దొరల విందులో బ్యాండోళ్ళ డ్రమ్ము! పాటకి నాటని పేరు, చేతికి మాత్రం డప్పు లేదు.

పెళ్ళి బ్యాండులో సైడు డ్రమ్ము కొట్టి, ఆనక రికార్డింగులకెళ్ళినోణ్ణి నేను. మంటకి కాస్తేగాని పలకని మేకతోలు ఏసీ గదిలో మెత్తబడిపోద్ది. ఫైబరుది తెమ్మన్నారు. చెవిలో క్లిక్కు పెట్టి నాలుగు దరువులు కొట్టించుకున్నారు. వాటినే ముక్కలు చేసి కీబోర్డులో దాచుకుని ఎన్ని పాటలకి మీట నొక్కారో, నన్నయితే మళ్ళీ పిలవలేదు. శవం ముందు మోగితే అంటు, స్టూడియోలో మోగితే మాస్ బీటు.

1994లో మాదిగ దండోరా మోగాకనే డప్పు మాదని తలెత్తి చెప్పుకున్నాం. మన సినిమా విమర్శకులు రాగం రాస్తారు, సాహిత్యం రాస్తారు. తోలు ఎవడు వలిచాడు, ఎవడు ఆరబెట్టాడు, కొట్టినోడికి ఎంత ముట్టింది? ఒక్కడూ రాయడు.