విప్పి కట్టిన మూట

కొండగట్టు అంజన్న గుట్ట కింద, నాచుపల్లి జేఎన్‌టీయూ కాలేజీలో నేను చదివింది ఇంజినీరింగే అయినా, చేయి తిరిగింది మాత్రం ఫైళ్ళ మూటలు కట్టడంలో. 2016లో జియో వచ్చేదాకా హాస్టల్లో ప్రతి ఎంబీకీ లెక్కే. 8 జీబీ పెన్‌డ్రైవ్ ఖాళీగా ఉన్నా 5 జీబీ గేము ఫైలు ఎక్కేది కాదు. ఫ్యాట్32 ఫార్మాట్‌లో ఒక్క ఫైలు 4 జీబీ దాటకూడదట. విన్‌రార్‌తో ముక్కలు కోసి, పార్ట్1, పార్ట్2 అని తలా ఒకటి మోసేవాళ్ళం. 40 రోజుల ట్రయల్ అన్న విన్‌రార్ మాకు నాలుగేళ్ళూ పనిచేసింది. ఆ గేములూ మేం కొన్నవి కావులెండి.

"జిప్ చేసినా తగ్గుతలేదా తమ్మీ? అవి ముందే కట్టిన మూటలు. ఫస్టు విప్పాలె" అన్నాడొక సీనియర్. అసలు కిటుకు అదే. 1977లో లెంపెల్, జివ్ చెప్పిన ఉపాయం ప్రకారం, వచ్చిందే మళ్ళీ వస్తే తిరిగి రాయక్కర్లేదు. ఎంత వెనక్కి పోయి ఎంత తెచ్చుకోవాలో గుర్తు పెడితే చాలు. చాలా గేముల్లో బొమ్మలు ముందే జెడ్‌లిబ్‌తో బిగించి ఉంటాయి, లోపలి పోలికలు బయటికి కనపడవు. అందుకే ప్రీకాంప్ అనే టూల్ ఆ ముడులన్నీ విప్పుతుంది. సైజు తగ్గడం పోయి పెరుగుతుంది! ఆపైన ఎస్‌రెప్ దూరదూరంగా ఉన్న పోలికలను ఏరుతుంది, చివరికి ఎల్‌జడ్‌ఎంఏ బిగిస్తుంది. బులాత్ జిగాన్షిన్ రాసిన ఫ్రీఆర్క్‌లో ఇవన్నీ వరసగా నడిపేవాళ్ళం. సురస ముందు అంజన్న కూడా పెరిగి పెరిగి, ఆ తర్వాతే బొటనవేలంత అయ్యాడు.

కిరికిరంతా ఇన్‌స్టాల్‌లో. విప్పిన ముడులను ఒక్క బిట్టు తేడా లేకుండా మళ్ళీ వేయాలి. 2 జీబీ ర్యామ్ లాప్‌టాప్ రాత్రంతా రొప్పేది. ఓసారి తెల్లవారుజామున 97 శాతం దగ్గర, ఫైలు చెడిందంటూ సీఆర్‌సీ ఎర్రర్ వచ్చింది. రూమంతా లేచి నన్నే తిట్టింది.

పాటలు, వీడియోలు పీకేసి చిన్నగా చేసిన 'రిప్'లంటే నాకు పడదు. డబ్బాలో పట్టలేదని సకినాలు నలగ్గొడితే అది సర్దడమా?

మొన్న మా మేనల్లుడికి ఇదంతా గొప్పగా చెప్పాను. వాడు ఫోన్లోంచి తల ఎత్తలేదు. "మామా, నీ మూట విప్పేలోపల నాది దిగనే దిగుతది."

ఆ పెన్‌డ్రైవ్ ఇంకా ఉంది. పార్ట్3 ఏ దోస్తు దగ్గరుందో.