మనోభక్షకములు

కాలిన్ విల్సన్ అను నాంగ్లరచయిత 1967వ సంవత్సరమున వెలువరించిన ‘ది మైండ్ పారసైట్స్’ అను నవలలోని జీవములు కంటికిఁ గానరావు. అవి మనుష్యుని మనస్సు నట్టడుగున దాఁగి యాతని భావశక్తిని భుజించి జీవించును. మానవుఁడు తన బలమును దా నెఱుంగకుండఁ జేయుటయే వాని తంత్రము. 19వ శతాబ్దిని పెక్కురు కళాకారులు నిరాశచేఁ గ్రుంగుటకును నివియే కారణమని కథ చెప్పును.

కల్పన బలమైనదే, కాని దుఃఖమంతయు నొక శత్రువుపైఁ బెట్టినచో మనుజుని బాధ్యత యేమగును? భారతమున నలుని నావేశించిన కలి కథ యట్టిది గాదు. కలి పండ్రెండవ యేఁటివఱకు వేచియుండవలసివచ్చెను. పాదప్రక్షాళనము సేయక నలుఁడు సంధ్య నుపాసించిన నాఁటి యశౌచమే వానికి ద్వారమయ్యెను.

విమోచనమున మాత్ర మీ రెండు కథలు నొక్కత్రోవనే నడచును. అక్షహృదయము నెఱింగినతోడనే నలుని విడిచి కలి వెడలెను. విల్సన్ నాయకుఁడు గిల్బర్ట్ ఆస్టిన్ హుస్సర్ల్ తత్త్వమార్గమునఁ దన మనస్సును దాఁ బరిశీలించియే యా జీవముల నెదుర్కొనెను. శత్రువు లోపల నున్నచో నాయుధమును లోపలనే వెదకవలయు నను నెఱుకయే నవలకుఁ బ్రాణము. తలుపు తెఱచిన దెవరని యడుగమియే దాని కొఱఁత.