‘మాంసకృత్తు’ అను మాటను గూర్చి

ఇట్టి సంచికలలో పెద్దలు కావ్యములను గూర్చియు, క్షేత్రములను గూర్చియు వ్రాయుట వాడుక. ఎస్.ఎస్.ఎల్.సి.తో చదువు చాలించి, ముప్పదియేండ్లకు పైగా కచేరీలో దస్త్రములు వ్రాసి విశ్రాంతి గొన్న మాబోటి గుమాస్తాకు కావ్యవిమర్శ చేతగాదు. కాని గుమాస్తాకు ఒక్క సంగతి బాగుగా తెలియును. ఉత్తరువులో ఒక్క మాట తప్పుగా పడినను, తప్పుగా చదువబడినను, నష్టము ఎవరో ఒకరు అనుభవింపవలసి వచ్చును. అట్టి మాట యొకటి మా యింట మూడువారములపాటు ఉపద్రవము తెచ్చిపెట్టినది. దానిని ఇచట విమర్శింపదలచితిమి. ఆ మాట ‘మాంసకృత్తు’. ఆంగ్లమున ప్రోటీన్ అనబడు దానికి మన పాఠ్యపుస్తకములు పెట్టిన పేరు అదియే.

మేము హోసూరువారము. మా యింట తెలుగు, వీధిలో తమిళము, సంతలో కన్నడము. మా మేనత్తగారికి ఎనుబది దాటినది. చిన్ననాటనే భర్తను గోల్పోయి, ఉల్లి వెల్లుల్లి సైతము ముట్టక జీవించినవారు. కొంతకాలము క్రిందట వారు జారిపడి తొడయెముక విరుగగా, పొరుగు నగరమందలి యొక వైద్యశాలలో శస్త్రచికిత్స జరిగెను. ఇంటికి పంపునపుడు పథ్యమును తెలుపు కాగితములు పలుభాషలలో నుండగా, మేము పట్టుబట్టి తెలుగు కాగితమునే అడిగి తెచ్చితిమి. పరరాష్ట్రమున మన లిపి కనబడుటయే మాకు పండుగ. ఆ గర్వముతోనే దానిని ఆమెకు బిగ్గరగా చదివి వినిపించితిమి. ‘గాయము మానుటకు మాంసకృత్తులు అధికముగా తీసికొనవలెను’ అని అందులో నుండెను.

ఆమె ఏమియు మాటాడలేదు. మరునాటినుండి గంజియు, పలుచని మజ్జిగయు తప్ప ముట్టుట మానిరి. అన్నము వద్దు, పప్పు వద్దు. ఆకలి చచ్చినది కాబోలునని మేము ఊరకుంటిమి. మూడవ వారమున గాయము మానకుండుట చూచి దిగులుపడి మరల అడుగగా, ఆమె కన్నీరు పెట్టుకొని, “ఈ వయసులో నాచేత మాంసం తినిపించాలని చూస్తున్నారా నాయనా? గంజిలోనో పప్పులోనో కలిపి పెట్టేస్తారని భయమేసింది” అనిరి. మా మనుమరాలు పదవ తరగతి తమిళ మాధ్యమమున చదువుచున్నది. అది విని నవ్వి, “అవ్వా, అది పురదమే! పప్పులో ఉండేదే, పాలలో ఉండేదే!” అని చెప్పినది. ఆనాటి మధ్యాహ్నమే ఆమె కందిపప్పుతో అన్నము భుజించిరి.

గుమాస్తాలము గనుక తరువాత లెక్క వేసితిమి. హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ 2020లో ప్రకటించిన ప్రమాణముల ప్రకారము, ఆరోగ్యవంతులైన పెద్దలకు శరీరభారమున కిలోకు 0.83 గ్రాముల చొప్పున దినమునకు మాంసకృత్తులు కావలెను. మా మేనత్తగారి బరువు 45 కిలోలు. అనగా ఆరోగ్యముగా నున్నప్పుడే సుమారు 37 గ్రాములు. గాయము మానవలసినపుడు అంతకు మించి కావలెను. నూరు గ్రాముల బియ్యములో నుండునది ఏడెనిమిది గ్రాములు. ఆమె త్రాగిన గంజి, మజ్జిగ కలిపి లెక్కించినను పండ్రెండు గ్రాములు దాటలేదు. నూరు గ్రాముల కందిపప్పులో సుమారు 22 గ్రాములున్నవి. ఆ పప్పు మా వంటింటి డబ్బాలోనే యున్నది. అడ్డుపడినది మాట యొక్కటే.

ఇక మాట దోషమేమో చూతము. వ్యాకరణము చూడగా దీనియందు దోషము లేదు. ‘కృత్’ అనగా చేయునది. గ్రంథకృత్ అనగా గ్రంథము చేసినవాడు. భాష్యకృత్ అనగా భాష్యము రచించినవాడు. విద్యుత్ అనునది తెలుగున విద్యుత్తు అయినట్లే, మాంసకృత్ అనునది మాంసకృత్తు అయినది. మాంసమును, అనగా మన దేహమందలి కండను, నిర్మించునది అని అర్థము. పందొమ్మిదవ శతాబ్దపు ఆంగ్ల గ్రంథములలోను ఈ పదార్థములను ‘కండను కట్టునవి’ అను అర్థమిచ్చు మాటతో పేర్కొనుట కలదు. కావున పదము కట్టినవారు పొరబడలేదు. కాని సమాసమును విడదీసి అర్థము చెప్పుకొనువారు ఇంటికెందరు? చెవికి మొదట తగులునది ‘మాంస’. తరువాతి ‘కృత్తు’ ఏమో తెలియదు. తెలిసిన సగము తెలియని సగమును మ్రింగివేయును.

ఆ తెలియని సగమునకు అచ్చులో పడు పాట్లు వేరు. ‘మాంసకృతులు’ అని ఒకచోట, ‘మాంసకృత్యములు’ అని మరియొకచోట మేము చదివితిమి. మొదటిది త్యాగరాజకృతులవలె మాంసమును గూర్చిన కీర్తనలని తోచును. రెండవది నిత్యకృత్యములవలె ఏదో మాంసపు వ్రతమని తోచును. వ్రాయువానికే అర్థముగాని మాట చదువువాని కెట్లు అర్థమగును?

మనవలె పలు భాషల నడుమ నుండువారికి ఒక సౌకర్యము కలదు. పొరుగువారు ఇదే వస్తువునకు ఏ పేరు పెట్టిరో విచారింపవచ్చును. బరంపురమున నున్న బంధువులను, షోలాపురమున నున్న మిత్రులను అడిగి తెలిసికొంటిమి. కన్నడమున ‘ససారజనక’. తమిళమున ‘పురదము’, ‘పురదచ్చత్తు’ అనియు అందురు. మరాఠీలో ‘ప్రథినము’. ఒడియాలో ‘పుష్టిసారము’.

ఈ ఐదింటిని వరుసగా నిలిపి చూడగా ఐదు త్రోవలు కనబడుచున్నవి. కన్నడమువారు వస్తువు దేనితో నైనదో చూచిరి. వారి భాషలో సారజనకమనగా మనము నత్రజని యనునది. అది కలది ససారజనకము. ఇది రసాయనజ్ఞుని మాట, నిక్కమైన మాట. పిండిపదార్థములలోను, క్రొవ్వులోను నత్రజని లేదు, మాంసకృత్తులలో కలదు. ఆహారమందలి నత్రజనిని కొలిచి, దానిని 6.25 చేత గుణించి మాంసకృత్తుల పరిమాణమును కట్టుట నేటికిని వాడుకలో నున్నది. కాని వంటచేయు ఇల్లాలికి ఆ మాట ఏమియు చెప్పదు.

తమిళులు ధ్వనిని పట్టిరి. ప్రోటీన్ అను శబ్దమునే తమ నాలుకకు అనువుగా మలచుకొనిరి. దానియందు అర్థము లేదు. కావున అపార్థమును లేదు. మరాఠీవారు ధ్వనిని పట్టియు, ప్రథమశబ్దమును తలపించునట్లు చేసిరి. ఇది మాకు మిక్కిలి నచ్చినది. ఏలయన, ప్రోటీన్ అను పేరును 1838లో స్వీడన్ దేశపు రసాయనజ్ఞుడు బెర్జీలియస్ సూచింపగా, హాలెండు దేశపు ముల్డర్ ప్రచారములోనికి తెచ్చెను. దానికి మూలమైన గ్రీకుపదమునకు ‘ప్రథమస్థానమున నుండునది’ అని అర్థము. ఇక ఒడియావారు ఫలమును చూచిరి. పుష్టినిచ్చు సారము అనగా ఎవరును బెదరరు. కాని పుష్టి అను మాట విశాలమైనది. నేయి తిన్నను పుష్టియే, బెల్లము తిన్నను పుష్టియే అని జనము తలతురు.

మనవారు చేయుపనిని చూచిరి. ఆ చూపు మంచిదే గాని ఇరుకైనది. మాంసకృత్తులు కండను మాత్రమే కట్టుట లేదు. రక్తమున ప్రాణవాయువును మోయు హిమోగ్లోబిన్, అన్నమును అరిగించు ఎంజైములు, రోగముతో పోరాడు ప్రతిరక్షకములు, తలవెండ్రుకలు, గోళ్లు అన్నియు ఆ జాతివే. అందుచేత మాంసకృత్తు అను మాట నిజమే చెప్పినను, నిజములో ఒక భాగమే చెప్పినది.

మా మేనత్తగారి కథ విని, మాట కేవలము శాకాహారులనే బాధించునని పాఠకులు తలపరాదు. మా పొరుగున ఒక మిత్రుడు కలడు. వారమున కొకనాడు మాంసము భుజించువాడు. ఆయనకు మూత్రపిండములు దెబ్బతినగా, మాంసకృత్తులు తగ్గింపుమని వైద్యుడు చెప్పెను. ఆయన శ్రద్ధగా మాంసమును పూర్తిగా మానివేసెను. దానికి బదులుగా ఉదయము ఉలవచారు, మధ్యాహ్నము ముద్దపప్పు, సాయంకాలము వేయించిన వేరుసెనగలు ఆరంభించెను. నూరు గ్రాముల ఉలవలలో సుమారు 22 గ్రాములు, వేరుసెనగలో సుమారు 25 గ్రాములు మాంసకృత్తులున్న సంగతి ఆయనకు తెలియదు. మాంసము మానితిని గదా యని ధైర్యము. తరువాతి పరీక్షలో వైద్యుడు ప్రశ్నింపగా గాని గుట్టు బయటపడలేదు. మా అత్తగారు తినవలసినది మానిరి. ఈయన మానవలసినది తినెను. ఒక్క మాట ఇరువురిని ఎదురెదురు దిక్కులకు త్రోసినది. డయాలిసిస్ జరుగువారికి మరల మాంసకృత్తులు ఎక్కువగా కావలసియుండును. అట్టి రోగి ఈ మాటను ఎట్లు చదువుకొనవలెనో ఊహింపుడు.

అట్లయిన ఈ మాటను తీసివైచి ‘ప్రోటీన్’ అనుటయే మేలుగదా యని యువకులు అందురు. పత్రికలును ఇపుడు చాలవరకు అట్లే వ్రాయుచున్నవి. మాకు ఆ విషయమున పట్టుదల లేదు. బస్సు, టికెట్టు తెలుగైనట్లు ప్రోటీనును తెలుగే. కాని ఆ మాటకును వేరొక తెగులు పట్టుచున్నది. వ్యాయామశాలకు పోవు మా వీధి కుర్రలు ‘ప్రోటీన్ తీసుకుంటున్నాను’ అనిన, డబ్బాలోని పొడిని పాలలో కలిపి త్రాగుచున్నారని అర్థము. ‘ఇంటి తిండిలో ప్రోటీన్ లేదు’ అని తల్లులతో వాదించుచున్నారు. వారి తల్లులు వండునది రాగిసంగటి, అనపగింజల పులుసు. ధాన్యములలో లైసిన్ అను అంశము తక్కువ. పప్పుదినుసులలో అది సమృద్ధిగా నుండును. పప్పులలో మెథియోనిన్ తక్కువ. ఆ కొరతను ధాన్యము తీర్చును. రెండును కలిపి తిన్నచో ఒకదాని లోపమును మరియొకటి పూరించును. పేరు తెలియకుండనే మన పెద్దలు ఆ పొత్తును కుదిర్చిరి. పేరు తెలిసిన మనుమలు దానిని డబ్బాలో వెదకుచున్నారు. ఒక మాట భయపెట్టి చెరచినది; మరియొకటి మురిపించి చెరచుచున్నది.

కావున మా తీర్పు ఇది. మాంసకృత్తు అను మాటను శాస్త్రగ్రంథములలో ఉంచవచ్చును. పిల్లలకు విడదీసి చెప్పినచో అది చక్కని మాటయే. కాని రోగిచేతికి ఇచ్చు కాగితమున అది ఒంటరిగా ఉండరాదు. మాంసకృత్తు అనుడు, ప్రోటీన్ అనుడు, వెంటనే ‘అనగా పప్పులు, పాలు, పెరుగు, వేరుసెనగ, గ్రుడ్డు, చేప, మాంసము మొదలగువానిలో ఉండునది’ అని వ్రాయవలెను. తినుమని చెప్పునపుడును, తగ్గింపుమని చెప్పునపుడును ఈ వరుస అవసరమే. పేరు ఎంత గొప్పదైనను, వంటింటి గడప దాటుటకు దానికి ఒక తోడు కావలెను.

మనవారికి మరియొక విన్నపము. తమిళనాట 2006లో వచ్చిన చట్టము వలన బడులలో తమిళము క్రమముగా తప్పనిసరి అయినది. తక్కిన రాష్ట్రములలోను మన పిల్లలు చాలమంది అచటి భాషలోనో, ఆంగ్లములోనో శాస్త్రము చదువుచున్నారు. అందుకు నిందింపబనిలేదు, ఉన్న నేల భాష నేర్వవలసినదే. కాని అవ్వలకు తెలుగు తప్ప రాదు, మనుమలకు శాస్త్రము తెలుగున రాదు. ఇరువురి నడుమ కూర్చుండి తెలుగు కాగితమును గర్వముగా చదువు మాబోటివారికి అక్షరము వచ్చును, అర్థము రాదు. ఆనాడు మా యింట తెలుగును గెలిపింపబోయి అత్తగారిని ఆకలితో నుంచినది మేమే. ఆమెను కాపాడినది తమిళమున చదివి తెలుగున చెప్పిన పిల్ల.

అందుచేత, ఇంట పిల్లలు బడినుండి క్రొత్తమాట తెచ్చినపుడు, ‘దీనిని తెలుగులో ఏమందురు?’ అని అడుగుటతో ఆగక, ‘దీనిని అవ్వకు ఎట్లు చెప్పుదువు?’ అని అడుగుడు. మా మేనత్తగారు ఇపుడు చేతికఱ్ఱ ఊతతో పెరటిదాక నడచుచున్నారు. భోజనవేళ, “ఏమే, నీ పురదం ఇంకొంచెం వడ్డించు” అని మనుమరాలిని పిలుచుచున్నారు. ఆ పిల్ల పప్పు వడ్డించుచున్నది.