సానపట్టిన సూర్యుడు

గ్రీకుల కథల్లో పెద్దతరం దేవతలైన టైటన్లను జ్యూస్ తరంవాళ్లు యుద్ధం చేసి గెంటేశారు. టైటన్ల బిడ్డ హీలియోస్ సూర్యరథం తోలుతూ మిగిలినా, తర్వాతి కవులు ఆ పగ్గాలూ అపోలో చేతికిచ్చారు.

మారన తెనిగించిన మార్కండేయ పురాణంలో సూర్యుడి కొలువు పోలేదు, వేడే తగ్గింది. ఆ వేడికి తాళలేక సంజ్ఞ తన నీడ ఛాయను ఇంట ఉంచి పుట్టింటికి చేరింది. తండ్రి విశ్వకర్మ కొన్నాళ్లుంచుకుని, ఇక మొగుడి దగ్గరికి వెళ్లమన్నాడు. ఆమె ఆడగుర్రమై అడవులు పట్టాక గానీ అల్లుణ్ణి సానపట్టి వేడి తగ్గించలేదు. ఆ పనేదో ముందే చెయ్యొచ్చుగా!

నా తగువు కథతోనూ ఉంది. సంజ్ఞ బాధ చెప్పిన కథ, అదే వేడిలో కాపురం చేసిన ఛాయను సవతితల్లిగానే తూచింది. రథసప్తమికి హిమాయత్‌నగర్ మేడలమీద చిక్కుడుకాయల రథం కట్టే అమ్మలారా, ఛాయకూ ఓ పువ్వు పెట్టండి.