యోగము, రూఢి: విశ్వభాషా నిర్మాణయత్నముల పరిశీలన

శబ్దము అర్థమును బోధించు తీరునుబట్టి మన శాస్త్రకారులు చేసిన రూఢ, యౌగిక, యోగరూఢ విభాగము విద్యార్థిదశనుండి మనకు పరిచితమే. 'పాచకుడు' అనగా వండువాడు. అవయవముల అర్థమే పదమున కర్థము. 'కుండ' యను మాటను ఎంత విడదీసినను అందులో ఆ పాత్ర కానరాదు. లోకము అట్లు వాడుటయే దానికి ప్రమాణము. 'పంకజము' బురదలో పుట్టినదని చెప్పుచునే తామరను మాత్రము చూపి, ఆ బురదలోనే పుట్టిన నాచును, కప్పను విడిచిపెట్టును. అన్ని పదములును యౌగికములే యైనచో నిఘంటువులతో పని యుండదు కదా యని ఒకప్పుడు తరగతిలో ఒక విద్యార్థి నన్నడిగెను. అతడెరుగడు గాని, ఆ ప్రశ్న వెనుక మూడువందల యేండ్లకు మించిన చరిత్ర కలదు.

పదునేడవ శతాబ్దిలో ఐరోపా పండితులు లాటినును క్రమముగా విడిచి తమతమ దేశభాషలలో శాస్త్రము వ్రాయసాగిరి. ఒకరి గ్రంథము మరియొకరికి అందని స్థితి దాపురించెను. లాటిను స్థానమున నిలువదగిన భాషను బుద్ధిబలముతోనే నిర్మింపవచ్చునను ఆశ ఆ దినములలో ప్రబలెను. రాయల్ సొసైటీ స్థాపకులలో నొకడైన జాన్ విల్కిన్స్ 1668లో లండనునందు ప్రకటించిన బృహద్గ్రంథము ఆ యాశకు పరాకాష్ఠ. 1666 నాటి లండను అగ్నిప్రమాదములో తన కృషి చాలవరకు దగ్ధము కాగా, అతడు దానిని మరల సిద్ధపరచెను. పదార్థముల నన్నింటిని 40 జాతులుగా విభజించి, జాతులను భేదములుగను, భేదములను ఉపజాతులుగను విడదీసెను. జాతికి ఒక హల్లు, ఒక అచ్చు. భేదమునకు మరియొక హల్లు. ఉపజాతికి మరియొక అచ్చు. 'దె' యనగా పృథివ్యాది భూతములు, 'దెబ్' అగ్ని, 'దెబ' జ్వాల. పదము వినినంతనే పదార్థలక్షణము తెలియవలెనని అతని సంకల్పము. ఒక్క రూఢపదమునకైనను తావులేని భాష యది.

ఇట్టి భాష పుట్టవలెనన్నచో ముందు సత్యమైన తత్త్వశాస్త్రము సిద్ధమై యుండవలెనని డెకార్ట్ 1629లోనే మెర్సెన్నుకు వ్రాసిన లేఖలో హెచ్చరించియుండెను. ఆ హెచ్చరిక యెంత యథార్థమో తిమింగలమునుబట్టి తెలియును. విల్కిన్స్ దానిని మత్స్యములలో చేర్చెను. కాన అది మత్స్యమను తప్పు ఆ పదశరీరములోనే చేరిపోయినది. శాస్త్రము మారినచో మాటను చంపి మరియొక మాటను పుట్టింపవలెను. మన తిమింగల శబ్దమును చూడుడు. తిమిని మ్రింగునదని దాని వ్యుత్పత్తి. ఆ వ్యుత్పత్తిని తలచి పలుకువాడెవ్వడు? కనుకనే అది చేప కాదని తేలిన తరువాత కూడ ఆ మాటకు హాని కలుగలేదు. రూఢి అజ్ఞానమునకు గుర్తని తలచువారు ఈ లాభమును గమనింపరు.

ఇంతకంటె సూక్ష్మమైన దోషము మరియొకటి కలదు. ఉంబెర్తో ఎకో 1993లో ప్రకటించిన గ్రంథములో చూపినట్లు, విల్కిన్సే ఒకచోట తులిప్ పుష్పమునకును యవలకును గల పదములను తారుమారు చేసెను. రెండింటికిని భేదము ఒక్క యక్షరమే. తన భాషలో తానే తప్పుట హాస్యాస్పదముగా కానవచ్చును గాని, ఆ తప్పు నిర్మాణములోనే యున్నది. సహజభాషలలో అర్థము దగ్గరగానున్న మాటలకు ధ్వని దగ్గరగా నుండవలెనను నియమము లేదు. వడ్లు, జొన్నలు, రాగులు అనునవి సంతలో ఎంత గోలయున్నను ఒకటి మరియొకటిగా వినబడవు. విల్కిన్స్ భాషలో ధాన్యములన్నియు ఒకే రీతిగా ధ్వనించును. సందర్భముకూడ వానిని వేరుచేయజాలదు, ఏలయన సందర్భమునకు అవి యన్నియు సరిపోవును.

వర్గీకరణము మనకు క్రొత్తది కాదు. అమరసింహుడు నామములను వర్గములుగా కూర్చెను. ఆంధ్రనామసంగ్రహమున పైడిపాటి లక్ష్మణకవి ఆ మార్గమునే త్రొక్కెను. అయితే వారు వర్గమును పదము వెలుపల నుంచిరి. పదమును మాత్రము ప్రయోగమునుండియే గ్రహించిరి. విల్కిన్స్ వర్గమునే పదముగా మార్చబోయెను. రోజె 1852లో ఆంగ్లపదములను భావానుసారముగా కూర్చినపుడు విల్కిన్సును స్మరించెను గాని, అనుసరించినది అమరుని పద్ధతి వంటిదే యనిపించును.

షెల్యర్ అను జర్మను క్యాథలిక్ మతాచార్యుడు 1879-80లో కల్పించిన వొలాపూక్ గూర్చి పెక్కు మాటలు అనవసరము. 1889 నాటి పారిసు మహాసభ ఆ భాషలోనే జరుగునంతగా అది వ్యాపించెను. అయినను సంస్కరణములపై తుదినిర్ణయము తనదేయని కర్త పట్టుపట్టగా అనుయాయులు చీలిరి. కర్త యజమానిగా నిలిచినంతకాలము ప్రయోగమునకు ప్రామాణ్యము రాదు.

ఎస్పెరాంతో కథ వేరు. బియలిస్తోకులో పుట్టిన నేత్రవైద్యుడు జామెన్‌హోఫ్ 1887లో వార్సాలో దీనిని ప్రకటించెను. ధాతువులను ఐరోపా భాషలనుండి గ్రహించి, ప్రత్యయములచే పదములను పెంచుట ఇందలి పద్ధతి. 'సన' ఆరోగ్యవంతము, 'మల్' విపర్యయము, 'ఉల్' వ్యక్తి, 'ఎయ్' స్థానము. 'మల్‌సనులెయో' యనగా రోగులుండు స్థానము, వైద్యశాల. ఇది శుద్ధయౌగికము. కాని 'నెత్సెసెయో' చూడుడు. అవయవార్థము 'అవసరమైన స్థానము' మాత్రమే; ఈ భాషీయులకు దాని యర్థము మరుగుదొడ్డి. పంకజమునకు ఇంతకంటె దగ్గరి చుట్టము దొరకదు. 'క్రొకొదీలి' యను క్రియ మరింత చిత్రము. మొసలివలె ప్రవర్తించుట యని వ్యాకరణము చెప్పును. ఎస్పెరాంతో మాటలాడవలసిన గోష్ఠిలో తన మాతృభాష మాటలాడుట యని లోకము చెప్పును. ఏ సూత్రమును ఈ యర్థమును సాధింపజాలదు.

ఈ రూఢి కర్త యిచ్చినది కాదు. అతడు చేసిన మేలెల్ల అడ్డుపడకుండుటయే. 1905లో బులోన్ మహాసభ, ఈ భాష ఎవరి సొత్తును కాదనియు, మూలగ్రంథమును మాత్రము మార్పరాదనియు ప్రకటించెను. పునాది యించుక, తక్కినదెల్ల వ్యవహర్తల వశము. 1907లో ఇదో యను సంస్కృతభాష వెలువడినపుడు దాని పక్షమున వాదించినవాడు లైబ్నిజు తర్కమును గూర్చి 1901లో ప్రామాణికగ్రంథము వ్రాసిన లూయీ కూతురా. పదమునుండి పదము పుట్టుట ఏ దిశలో నడచినను తర్కబద్ధముగా నుండవలెనని అతని నియమము. అనగా మరల సర్వయౌగికవాదమే! తర్కమున ఇదో మెరుగనుటకు నాకభ్యంతరము లేదు. జనము మాత్రము ఎస్పెరాంతోతోనే మిగిలిరి. అప్పటికే వారికి దానిలో వాడుక యేర్పడియుండెను.

అయితే ఈ గెలుపునకు చెల్లించిన మూల్యమును ఎస్పెరాంతో ప్రశంసకులు చెప్పరు. రూఢి యొక సమాజమునకు చెందును. అది యేర్పడినప్పుడే విశ్వమంతటికి సమానమను మాటకు లోపము కలిగినది. ధాతువులు ఐరోపావగుటచే తెలుగువానికిని చీనావానికిని ఆదినుండియే అది సమానము కాదు. రూఢులు పెరుగగా ఐరోపావానికి సయితము గురువు కావలసివచ్చెను. 'కబేఇ' యను క్రియ యొకటి కలదు. 'కబె' యను కలముపేరుతో శ్రేష్ఠగద్యకర్తగా మన్ననలందిన పోలిష్ వైద్యుడు కజిమిర్ బైన్ 1911లో హఠాత్తుగా ఆ యుద్యమమును వీడిపోయెను. నాటినుండి ఎస్పెరాంతోను వదలిపోవుటకు ఆ పేరే క్రియయైనది. ధాతువులన్నియు వల్లించి, మూలసూత్రములు పదునారును కంఠస్థము చేసినవాడును ఈ మాట యెదురైనచో, కబె యెవ్వడని తనకంటె ముందు నేర్చినవాని నడిగి తెలిసికొనవలసినదే.