తెచ్చిపెట్టుకున్నది

నాయకుడు పంచె మానేసి ప్యాంటు తొడిగితే చాలు, ‘కొత్త ఆహార్యం’ అని రాసేస్తాయి మన పత్రికలు. ఎన్టీఆర్ ఖాకీ నుంచి కాషాయానికి మారిన సంగతి ఈ మాట లేకుండా చెప్పడం కష్టమే. నాకు మాత్రం అది వినగానే సవరాలు, పిన్నులు, నల్లదారం గుర్తొస్తాయి. ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఉగాది వచ్చిందంటే కూచిపూడి పిల్లల్ని ముస్తాబు చేసే పని నాది.

‘హృ’ అనే సంస్కృత ధాతువుకు ముందు ‘ఆ’ చేరితే తేవడం అని అర్థం. ఆహార్యమే కాదు, ఆహారమూ అక్కడ పుట్టిందే. నాట్యశాస్త్రం చెప్పిన నాలుగు అభినయాల్లో ఆంగికం ఒంటిది, వాచికం గొంతుది, సాత్త్వికం మనసుది. ఆహార్యం ఒక్కటే బయటినుంచి తెచ్చిపెట్టుకోవలసింది. అలాగని ఆ శాస్త్రం రాసిన భరతుడు దాన్ని చిన్నచూపు చూడలేదు, ఒక అధ్యాయమే కేటాయించాడు. నగలు, బట్టలే కాదు, ఒంటికి పూసే రంగులు, రంగస్థలం మీది బొమ్మ కొండలు, రథాలు, చివరికి వేదిక మీదికొచ్చే జంతువులు కూడా అందులో లెక్కే. మనమే దాన్ని చొక్కా, కండువాలకు కుదించాం.

ఇక్కడ అమెరికాలో ‘బయటినుంచి తెచ్చిపెట్టుకోవడం’ అన్న మాట అక్షరాలా నిజం. కుట్టిన కుచ్చిళ్ల దుస్తులు, రాకిడి, జడబిళ్లలు, గజ్జెలు అన్నీ ఆవకాయ పక్కన సూట్‌కేసులో సముద్రం దాటి వచ్చినవే. ఒకనాడు ముఖాలకు అర్దళమనే పసుపుపచ్చ పొడి పూసేవారు. ఇప్పుడు పాన్‌కేక్ మేకప్ డబ్బా. ఉగాదికి మిషిగన్‌లో మంచు పడినా పడుతుంది. పారాణి పెట్టిన పాదాలను బూట్లలోకి దూర్చాలి, అదో యాతన.

అన్నిటికన్నా జడ కష్టం. భుజాల దాకా కూడా లేని జుట్టుకు సవరం నిలవాలంటే ముందు గట్టిగా చిన్న పిలక వేసి, దానికి దారంతో బిగించాలి. కూచిపూడి వారి భామాకలాపంలో సత్యభామ తెర వెనక ఉండగానే ఆమె జడ తెర మీదుగా ఇవతలికి వేలాడుతుంది. ముఖం కనబడకముందే పాత్ర వచ్చేసినట్టు! కూచిపూడి నటుడు వేదాంతం సత్యనారాయణ శర్మ గారు ఆ వేషంలో ఆడవాళ్లనే భ్రమింపజేశారని పెద్దలు చెప్పుకునేవారు.

“ఆంటీ, ఇది నా జుట్టు కాదని తెలిసిపోతుందా?” అని అడిగిందొక పిల్ల.

“తెలిస్తే తెలియనీ. జడ ముందుకు వేసుకుని ఒకసారి నడువమ్మా.”

నడిచింది. జడకుప్పెల బరువుకు మెడ దానంతటదే నిటారైంది, నడక నెమ్మదించింది. క్లాసులో టీచరు నెలల తరబడి చెప్పినా రాని నడక అది. పైపై మెరుగులని తీసిపారేసేవాళ్లు ఒక్కసారి సవరం కట్టుకుని చూడాలి.