దైవాధీనం, కాలమతి

పిఠాపురం అనగానే పాత పాటలవాళ్ళకు మా నాగేశ్వరరావు గొంతు గుర్తొస్తుంది. హాస్యగాళ్ళ నోట ఎన్ని పాటలు పలికిందో ఆ గొంతు. ఆ హాస్యగాళ్ళను తయారుచేసిన ఊరు మాత్రం ఇక్కడ బస్సెక్కితే గంటలోపు చేరే కాకినాడ. రేలంగి వెంకట్రామయ్య అక్కడి యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాల్లో వేషాలు కట్టి పైకొచ్చాడు. కస్తూరి శివరావు మూకీ బొమ్మలకు వ్యాఖ్యానం చెబుతూ మొదలయ్యాడు. ఇద్దరినీ సినిమాకు పరిచయం చేసింది దర్శకుడు సి. పుల్లయ్యే. ఇవాళ రేలంగిని ఎరగనివాడు లేడు. శివరావంటే, ఎవరాయన అంటారు.

ఇద్దరినీ తూకం వేయడానికి 1949 నాటి ‘గుణసుందరి కథ’ ఒక్కటి చాలు. కె.వి. రెడ్డి తీసిన ఆ సినిమాలో శివరావు దైవాధీనం, అంటే హీరో. రేలంగి రాజుగారి పెద్దల్లుళ్ళలో ఒకడైన కాలమతి. మాటలే అన్నం పెట్టిన మనిషికి ఇక్కడ మొదట దక్కింది మూగ, చెవిటి, కుంటి అవతారం! నోరు కట్టేసినా శివరావు నడకతో, చూపుతో, మెడ వాలుతో నవ్విస్తాడు. వెనక జాలి కూడా ఉంటుంది. అది అరుదైన విద్య. అయితే అతని కన్ను ఎదుటి పాత్ర మీద కాక బెంచీ క్లాసు మీదే ఉంటుంది. అది వ్యాఖ్యాత అలవాటు. తెర మీద ఇంకెవరున్నా అతనికి ఒకటే.

రేలంగి అలా కాదు. తోడల్లుడు హరమతిగా వేసిన వల్లభజోస్యుల శివరాం ఒక మాటంటే, దాన్ని అందుకోవడంలోనే అతని నవ్వుంది. ఎదుటివాడు లేకపోతే రేలంగి సగమే. ఈ సినిమా వరకు నా ఓటు శివరావుకే. కాలమతి సరదా మనిషి, అంతే.

కానీ తర్వాతి కాలం జంట నవ్వుకు వచ్చింది. రామారావు, అక్కినేని నాగేశ్వరరావు హీరోలుగా స్థిరపడ్డాక హాస్యగాడు కథకు పక్కవాద్యం అయ్యాడు. ‘మిస్సమ్మ’ దేవయ్య, ‘మాయాబజార్’ లక్ష్మణకుమారుడు రేలంగి కొలతకు కుట్టిన చొక్కాలు. ఒంటిచేత్తో బొమ్మ మోసే శివరావుకు అందులో చోటేది? 1950లో తానే దర్శకుడై ‘పరమానందయ్య శిష్యులు’ తీశాడు. నటి గిరిజ అందులోనే పరిచయమైంది. ఆ గిరిజే తర్వాత రేలంగికి జోడీగా జనంలో పాతుకుపోయింది. శివరావు దురదృష్టానికి ఇంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

రేలంగి తాడేపల్లిగూడెంలో సొంత థియేటరు కట్టాడు, 1970లో పద్మశ్రీ అందుకున్నాడు. శివరావు 1966లోనే వెళ్ళిపోయాడు.

‘గుణసుందరి కథ’ మళ్ళీ చూస్తే, దైవాధీనం నోరు తెరవకముందరి సన్నివేశాలు దాటేయకండి. శివరావు ఉన్నది అక్కడే.